పడవ దొరసాని గొంతు

పోయిన ఆదివారం మా అమ్మాయి వచ్చింది. ఇక్కడే సింగపూర్‌లో, యూ టీ అనే పేటలో కాపురం దానిది. రెండు వారాలకోసారి వచ్చి, నా వంట తిని, నా టీవీని బాగుచేసి పోతుంది. బాగుచేయడమంటే బాగున్న టీవీలో నాకు అర్థంకాని కొత్తవేవో పెట్టడం. ఈసారి సోఫాలో కూలబడి రిమోటు నొక్కుతూ "మమ్మీ, యువర్ ఫ్రెండ్ గాట్ న్యూ షో లా" అంది. కళ్లజోడు వెతుక్కుని చూద్దును కదా, ఆవిడే! జుట్టంతా తెల్లబడింది. మెడ కింద చర్మం వదులైంది. నవ్వే ముందు ఎడమ కనుబొమ్మ కొంచెం పైకి లేపే అలవాటు మాత్రం పోలేదు. ఏదో చిన్న ఊళ్లో రిటైరైన జడ్జిగా వేసింది. మా అమ్మాయికి నామీద ప్రేమ పొంగుకొచ్చి, భాషల జాబితాలోకి వెళ్లి తెలుగు నొక్కింది. అంతే, ఆ ముసలావిడ నోట్లోంచి ఇరవై ఏళ్ల పిల్ల గొంతు వచ్చింది. చక్కెర పాకంలో ముంచి తీసిన గొంతు. "కట్టెయ్యవే బాబూ, కట్టెయ్" అని నేనరిచిన అరుపుకి అది రిమోటు కింద పడేసుకుంది. "వై సో యాంగ్రీ? షి ఈజ్ స్పీకింగ్ తెలుగు వాట్" అంది, నావంక వింతగా చూస్తూ. దానికేం తెలుసు? ఆ చక్కెర పాకం వండిపెట్టిన మొదటి మనిషిని నేనే.

నిజం. ఒకప్పుడు ఆ అమెరికా నటికి తెలుగులో నేను గొంతు. పెళ్లికి ముందు హైదరాబాదులో మా పిన్ని ఇంట్లో ఉండి డిగ్రీ చదువుతూ రేడియో నాటకాల్లో చిన్నాచితకా వేషాలు వేసేదాన్ని. వేషాలంటే అక్కడ గొంతే కదా. "అమ్మగారూ, ఎవరో వచ్చారండీ" వంటివి. అలాంటి నాలుగు ముక్కలు విని ఒక డబ్బింగ్ మాస్టారు నన్ను పిలిపించారు. అప్పుడే కొత్తగా వచ్చిన తెలుగు ఛానళ్లకి రోజంతా నింపడానికి సరుకు చాలక, అమెరికా సీరియళ్లు తెచ్చి తెలుగు మాట్లాడించేవారు. ఆ థియేటరు ఒక సందులో, మెట్లు దిగి వెళ్లే గది. గోడలకి గోనెపట్టాలు, నెత్తిమీద ఏసీ. చలికి శాలువా కప్పుకుని, ఫ్లాస్కులో వేడినీళ్లు, బుగ్గన పటికబెల్లం పెట్టుకుని కూర్చునేదాన్ని. తెరమీద పెదవులు కలిసినచోట మన మాటలోనూ కలవాలి. ఇంగ్లీషు వాక్యం ముందే అయిపోతే మనం గబగబా మింగాలి, ఇంకా సాగుతుంటే "కదా", "మరి", "అసలు" అంటూ అతుకులేయాలి. ఆ రోజుల్లో తెలుగులో అమెరికావాళ్లందరూ ఏం మాట్లాడినా చివర "మరి" అనేవారంటే ఆ పాపంలో నాకూ వాటా ఉంది.

ఆ సీరియల్లో ఆవిడ ఒక విధవరాలు. మొగుడు పోయాక అతని పడవ తనే నడుపుతూ, ఒక దీవి నుంచి ఊరికీ ఊరి నుంచి దీవికీ జనాన్ని దాటిస్తూ, ఒక్కగానొక్క కూతుర్ని పెంచుకుంటుంది. రోజుకో ప్రయాణికుడు, అతనికో కష్టం, ఒడ్డు చేరేలోగా ఆవిడో మాట. అంతే కథ. ఆవిడ సొంత గొంతు మాత్రం ఆడగొంతులా ఉండేది కాదు. మందంగా, బరువుగా, అడుగున ఇసుక కదులుతున్నట్టు ఉండేది. డబ్బింగ్ చేసేటప్పుడు చెవికి పెట్టుకునేదాంట్లో ఒకవైపు ఆ గొంతు వినిపించేది, రెండో చెవిని వదిలేసుకుంటే దాంట్లో నా గొంతు నాకే వినిపించేది. ఎడమచెవిలో ఆవిడ, కుడిచెవిలో నేను. మొదటిరోజే నేను ఆ బరువు పట్టబోతే మాస్టారు ఆపేశారు. "టైమింగు కోసం విను తల్లీ, గొంతు కోసం కాదు. అంత అందగత్తె నోట్లోంచి ఆ బొంగురు వస్తే మనవాళ్లు టీవీ బాగుచేసేవాణ్ని పిలుస్తారు" అన్నారు. సరేనని తేనె పోశాను. జనం మెచ్చారు. ఛానలుకి ఉత్తరాలు వచ్చాయి, "ఆ పడవ నడిపే ఆవిడ తెలుగు ఎంత చక్కగా మాట్లాడుతుందో" అని. మా పిన్ని ఆ ఉత్తరాల సంగతి వీధంతా చాటింది.

ఇంతలో నా పెళ్లయింది. మావారు కంప్యూటర్ల మనిషి. వై టూ కే అని లోకమంతా గగ్గోలు పెడుతున్న కాలం. సింగపూర్‌లో ఒక పెద్ద ఆఫీసువాళ్లు తమ కంప్యూటర్లలో తేదీలు సరిచేయడానికి పిలిస్తే వచ్చారు, వెనకాలే నేను. బుకిట్ బటోక్‌లో ఎనిమిదో అంతస్తులో అద్దె ఫ్లాటు. పొద్దున ఏడింటికి ఆయన పోతే మళ్లీ రాత్రికే. నాది భర్త వెంట వచ్చినవాళ్లకిచ్చే పాసు, దానిమీద అనుమతి లేనిదే ఉద్యోగం చేయకూడదు. అయినా ఈ ఊళ్లో తెలుగు గొంతు ఎవరికి కావాలి? వచ్చిన మొదటి ఆర్నెల్లూ నేను పగలు మాట్లాడిన మాటలు వేళ్లమీద లెక్కపెట్టవచ్చు. కూరగాయల దగ్గర "దిస్ వన్", "దట్ వన్", లిఫ్టులో "థాంక్యూ". సాయంత్రానికి ఆయన వచ్చి తలుపు కొట్టేసరికి నా గొంతు నాకే తుప్పుపట్టినట్టు వినిపించేది. పైకి చెప్తే ఆయన బాధపడతారని చెప్పలేదు. కానీ ఏడుపొచ్చేది.

ఒక మధ్యాహ్నం మూడింటికి టీవీ పెడితే ఆవిడ కనిపించింది. అదే పడవ, అదే నీలం కోటు, గాలికి ఎగిరే అదే జుట్టు. ఇక్కడి ఛానలు ఆ సీరియల్‌ని మొదటినుంచీ రోజూ వేస్తోంది. ఎంత సంబరపడ్డానో చెప్పలేను. పరాయి ఊళ్లో పుట్టింటి మనిషి ఎదురైనట్టయింది. ఆవిడ నోరు విప్పగానే ఆ సొంతగొంతు గదంతా నిండింది. ఎన్నేళ్లు విన్నా ఒక చెవితోనే విన్నదాన్ని, రెండు చెవులా వినడం అదే మొదలు. నాకు తెలియకుండానే నా పెదవులు కదిలాయి. కిటికీలోంచి ఎండ నేలమీద పరుచుకుని, ఫ్యాను నెమ్మదిగా తిరుగుతూ, దూరంగా రైలు పోతున్న చప్పుడు. నేను సోఫాలో కూర్చుని చప్పుడు లేకుండా పడవ నడిపేదాన్ని. ఆ తర్వాత మూడింటికోసమే రోజు గడిచేది.

మా అంతస్తులోనే ఉండే ఆపాతో పరిచయం లిఫ్టులో జరిగింది. ఆ రోజుల్లో మా బ్లాకు లిఫ్టు ప్రతి అంతస్తులోనూ ఆగేది కాదు. ఒకటి, ఐదు, తొమ్మిది, అంతే. మేము తొమ్మిదిలో దిగి ఒక అంతస్తు మెట్లు దిగాలి. ఒకరోజు లిఫ్టులో నా చేతిలో సంచీ చిరిగి ఉల్లిపాయలు దొర్లాయి. "అయ్యో రామ! ఇప్పుడే చిరగాలా దీనికి?" అనుకున్నాను పైకే. వెనక నుంచి ఎవరో నా భుజం పట్టుకున్నారు. తిరిగి చూస్తే నలభై ఐదు దాటిన ఒక ముస్లిం ఆవిడ, తలమీద దుపట్టా, కళ్లు ఇంతింత చేసుకుని. "ఇంకోపారి మాట్లాడు" అంది. నేను హడలిపోయాను. "ఏం మాట్లాడాలండీ?" అన్నాను. "యా అల్లా!" అని గుండెమీద చెయ్యేసుకుంది. తొమ్మిదిలో దిగి నేను మెట్లు దిగుతుంటే నా వెనకే దిగింది. నా ఉల్లిపాయలు నాలుగు తన కొంగులో వేసుకుని నా గుమ్మందాకా వచ్చింది. అక్కడ నిలబడి, ఎంతో జాగ్రత్తగా, గొంతు తగ్గించి అడిగింది. "నీ పడవ ఏడ పెట్టినవ్?"

ఆమె పుట్టింది వరంగల్లు, అత్తవారిది హైదరాబాదు. భర్త జురాంగ్ ఐలాండ్‌లో ఇంజనీరు. ఇక్కడికి రాకముందు రెండేళ్లపాటు సాయంత్రం నమాజు కాగానే ఆ సీరియల్ చూసేదట. మా బ్లాకులోనే, నాకు రెండు తలుపుల అవతల ఉంటోంది. నేను లోపలికి పిలిచి టీ ఇచ్చి, అవునండీ ఆ గొంతు నాదే, నేను డబ్బింగ్ చెప్పేదాన్ని అని విప్పిచెప్పాను. తనని ఆపా అని, అంటే అక్కా అని, పిలవమంది. తర్వాత కోపంగా టీవీ వైపు చెయ్యి చూపించింది. "మరి గీ సింగపూరోళ్లు గట్ల చేసిన్రేంది? దొరసానికి ఎవడో మొగోని గొంతు పెట్టిన్రు! ఇంగ్లీషుల డబ్బింగ్ చేసి సత్యనాశ్ చేసిన్రు." నేను నవ్వాపుకుని, ఆపా, దొరసాని అమెరికా ఆమె, ఇంగ్లీషే ఆమె అసలు మాట, తెలుగే మేము అతికించింది అన్నాను. "నక్కో. నాకు చెప్పకు" అంది. "నేను రెండేండ్లు చూసిన. పెదవులు చూసిన. నీ మాటనే ఆమె నోట్లె కరెక్టు ఉంటుండె." మాస్టారు వింటే ఆ మాటకి ఆవిడకి శాలువా కప్పి ఉండేవారు. ఎంత చెప్పినా ఆపా ఒప్పుకోలేదు. ఆమె లెక్కలో ఇంగ్లీషే డబ్బింగు, తెలుగే అసలు.

మర్నాడు మధ్యాహ్నం మూడింటికి గిన్నెనిండా డబుల్ కా మీఠా పట్టుకుని వచ్చేసింది. వెంట ఎదురింటి తమిళ ఆంటీని కూడా తెచ్చింది. ఆ ఆంటీ ఇక్కడే పుట్టి పెరిగిన మనిషి. తెలుగు సగమే అర్థమవుతుంది, అయినా వచ్చింది, మీఠా వల్లేమో. "ఆ మొగోని గొంతు బంద్ చెయ్యి. నువ్వు మాట్లాడు" అంది ఆపా. పూర్తిగా కట్టేస్తే ఆవిడ ఏమంటోందో నాకెలా తెలుస్తుంది? అందుకని చప్పుడు బాగా తగ్గించి, టీవీ పక్కన పీట వేసుకుని, చెవి దాని స్పీకరుకి ఆనించి కూర్చున్నాను. వాళ్లిద్దరూ సోఫాలో. రాసిపెట్టిన మాటలు లేవు, శాలువా లేదు, రెండోసారి చెప్పే వీలు లేదు. విన్నది విన్నట్టు తెలుగు చేసి పలకడమే. మొదటిరోజు సగం మాటలు జారిపోయాయి. దొరసాని పెదవులు ఆగిపోయాక కూడా నేను మాట్లాడుతూనే ఉన్నాను. ఆపా పట్టించుకోలేదు. చేతిలో చెంచా అలాగే పట్టుకుని, నోరు తెరుచుకుని చూసింది. వెళ్లేటప్పుడు నా నెత్తిమీద చెయ్యివేసి, మెటికలు విరిచి దిష్టి తీసింది. ఆ రాత్రి ఆయన తలుపు కొడితే నేను "వస్తున్నా" అన్న గొంతు విని, "ఏంటి, ఊరినుంచి ఫోనొచ్చిందా? హుషారుగా ఉన్నావ్" అన్నారు.

అలా ఏడాది పైన సాగింది. రోజూ మూడింటికి, శని ఆదివారాలు సెలవు. వానొచ్చి బట్టలు తడుస్తున్నా ఆ గంటలో ఎవరూ లేచేవారు కాదు. నేను హైదరాబాదులో చెప్పిన భాగాలన్నీ అయిపోయి, నేనెప్పుడూ చూడని భాగాల్లోకి వచ్చాం. దొరసానికి నలభై దాటాయి. కళ్లచుట్టూ గీతలు పడ్డాయి, కూతురు పెద్దదైంది. ఆ మధ్యలోనే ఎప్పుడో నా గొంతు దిగింది. ఏ రోజున దిగిందో చెప్పమంటే చెప్పలేను. చెవి పెట్టెకి ఆనించి ఆవిడ ఊపిరి కూడా వింటూ ఉండేసరికి, తేనె పొయ్యడం దొంగతనంలా అనిపించేది. "గొంతు కోసం కాదు" అని ఆపడానికి ఇక్కడ మాస్టారూ లేరు. కూతురు చదువుకోసం దీవి వదిలి వెళ్లిపోయే భాగం వచ్చిన రోజు, ఒడ్డున నిలబడి దొరసాని చెప్పే మాటని నేను కిందిగొంతుతో, బొంగురుగా, ఏడవకుండా చెప్పాను. "వెళ్లు. పడవ నాదే కదా, ఎప్పుడొచ్చినా ఎక్కించుకుంటాను." ఆపా దుపట్టాతో ముఖం కప్పుకుని ఏడ్చింది. కాసేపటికి ముక్కు తుడుచుకుని "దొరసాని ఇప్పుడు మస్తు మాట్లాడుతుంది. ముందుగాల గింత మంచిగ లేకుండె" అంది. గొంతు మారిందని ఆమె కనిపెట్టలేదు, దొరసాని బాగుపడిందనుకుంది.

బుకిట్ బటోక్ లైబ్రరీలో పాత సినిమా పత్రికలు ఒక అరనిండా ఉండేవి. బుధవారాలు కూరగాయలకి వెళ్లినప్పుడు అక్కడ చల్లగా కాసేపు కూర్చునేదాన్ని. ఒకరోజు ఒక పత్రికలో దొరసాని ఫొటో, నాలుగు పేజీల ముచ్చట కనిపించింది. అప్పటికి ఆ సీరియల్ అమెరికాలో ముగిసి చాలాకాలమైంది. ఇరవయ్యొకటో ఏట మొదటి సినిమాలో వేసిందట. సినిమా అంతా అయ్యాక నిర్మాత ఆమె గొంతు విని, ఇంత అందమైన పిల్లకి ఈ గొంతేమిటని, ఇంకెవరో అమ్మాయిని తెచ్చి మాటలన్నీ మళ్లీ చెప్పించాడట. ఆ సంగతి ఈవిడకి ఎవరూ చెప్పలేదు. సినిమా వాళ్ల ఊరికి వచ్చినప్పుడు తల్లిని తీసుకుని వెళ్లి కూర్చుంది. తెరమీద తను నోరు తెరవగానే చీకట్లో తల్లి అడిగిందట, ఎవరే ఈ పిల్ల అని. ఆ తర్వాత పద్నాలుగేళ్లు సినిమాలు మానేసింది. ఊరూరా తిరిగే నాటకాల్లో, మైకు కూడా లేని హాళ్లలో వేసింది. చివరికి ఈ సీరియల్‌వాళ్లు, వేరే గొంతు పెట్టే స్తోమత లేక, ఉన్న గొంతుతోనే తీసుకున్నారు. అలా నలభైకి దగ్గరపడ్డాక మొదటిసారి జనం ఆమె మాట ఆమె నోట విన్నారు.

ఆ పేజీ చదివి పత్రిక మళ్లీ అరలో పెట్టేశాను. సిగ్గేసింది. పద్నాలుగేళ్లు తిరిగి తెచ్చుకున్న గొంతుని నేను శాలువా కప్పుకుని కూర్చుని, పటికబెల్లం చప్పరిస్తూ, మళ్లీ ఊడబీకేశాను. ఆమె తల్లి అడిగిన ఆ ఎవరో పిల్లని తెలుగులో నేనే. ఆ వారం కూరలు కొనకుండానే ఇంటికొచ్చేశాను.

సరిగ్గా ఆ నెలలోనే హైదరాబాదు నుంచి మాస్టారు ఫోను. నా నంబరు మా పిన్ని ఇచ్చిందట. సీరియల్‌లో మిగిలిన భాగాలన్నీ ఛానలు కొన్నదట, మధ్యలో పెట్టిన కొత్తమ్మాయి నచ్చక జనం మానేశారట. "పాత గొంతే కావాలంటున్నారమ్మా. ఇరవై రోజులు వచ్చిపో. తర్వాత ఇంకో రెండు సీరియళ్లున్నాయి, అవీ నీకే. ఆర్నెల్లకోసారి వచ్చి చెప్పిపోవచ్చు" అన్నారు. నా కాళ్లు నేలమీద నిలవలేదు. ఇంక జీవితంలో మైకు ముందు నిలబడతాననుకోలేదు. మావారు "వెళ్లు, వెళ్లు. కింద హాకర్ సెంటర్ తిండి ఉండగా నేను ఆకలితో చావను" అన్నారు. ఆపా అయితే హైదరాబాదులో చెల్లెలికి ఫోను చేసి, రోజూ టేపులో ఎక్కించి పంపమని ఆర్డరు వేసింది. నేను బయల్దేరే రోజున లిఫ్టుదాకా వచ్చి, ప్రయాణం క్షేమంగా సాగాలని నా చేతికి ఇమాం జామిన్ తాయెత్తు కట్టి, "అక్కడ ఆ చెడ్డగొంతోళ్లకు దొరసానిని ఇడువకు" అంది.

అదే సందు, అవే మెట్లు, అవే గోనెపట్టాలు. మాస్టారి జుట్టు పల్చబడింది. మొదటి దృశ్యం కూతురు దీవి వదిలి వెళ్లేదే తగిలింది. నేను చెవికి పెట్టుకుని, ఆపా ముందు చెప్పినట్టే చెప్పాను. అద్దం అవతల మాస్టారు చెయ్యెత్తారు. "గొంతు పట్టేసిందా తల్లీ? వేడినీళ్లు తాగు" అన్నారు. లేదు మాస్టారూ, బాగానే ఉంది అన్నాను. "మరి ఈ బొంగురేమిటి? నీ పాత గొంతు పెట్టు." పెట్టగలను. అదెక్కడికీ పోలేదు, అడగ్గానే వచ్చింది. చెప్పాను. "అదీ! అదీ మా అమ్మాయంటే!" అని ఆయన కుర్చీలో ఎగిరినంత పనిచేశారు. అప్పుడు ఆ ముక్కని పెద్ద స్పీకర్లలో వేశారు. తెరమీద నలభై దాటిన మనిషి, ఎండకి కమిలిన ముఖం, కూతుర్ని పంపేస్తూ దవడ బిగబట్టి నిలబడింది. ఆ నోట్లోంచి కాలేజీ పిల్ల ఒకతె ముద్దుముద్దుగా ఏడుస్తోంది.

"మాస్టారూ, ఒక్కసారి నా పద్ధతిలో చెప్తాను. వినండి" అన్నాను. లైట్లు తగ్గించారు. నేను చెప్పాను. రికార్డింగ్ అబ్బాయి చెవులమీదవి తీసి పక్కన పెట్టాడు. మాస్టారు కళ్లజోడు తుడుచుకున్నారు. ఆయన మంచివారు, పని తెలిసినవారు, అబద్ధం చెప్పలేదు. "చాలా బాగుందమ్మా. ఇదే నిజమైన గొంతు. కానీ మనకి పనికిరాదు" అన్నారు. ఛానలువాళ్లు ఒప్పుకోరనీ, మొదటినుంచీ ఒక గొంతు విన్న జనానికి ఇప్పుడు ఇంకోటి వినిపిస్తే తిడతారనీ చెప్పారు. తిట్టేవారే. "ఆమెకి నలభై దాటాయి మాస్టారూ, ఇంకా ఎన్నాళ్లు ఆ పిల్లగొంతు?" అన్నాను. "ఎన్నాళ్లు చూస్తే అన్నాళ్లు" అన్నారు. ఆ రెండు సీరియళ్లు, ఆర్నెల్లకోసారి రావడం, చలిగది, నా పేరు చివర్లో తెరమీద పడటం, అన్నీ కళ్లముందు తిరిగాయి. "అయితే నన్నొదిలెయ్యండి" అన్నాను. నేనేదో త్యాగమూర్తినని కాదు. మెట్లెక్కి పైకొచ్చి, సందు చివర ఆటోలో కూర్చుని ఐదు నిమిషాలు ఆపించాను, మాస్టారు పరిగెత్తుకొచ్చి "రా తల్లీ, నీ పద్ధతే కానీ" అంటారని. ఆయన రాలేదు. మా పిన్ని ఇల్లు చేరేదాకా వెక్కివెక్కి ఏడ్చాను. ఆటో అతను పాపం రెండుసార్లు మంచినీళ్లు కావాలా అని అడిగాడు.

ఇరవై రోజులకని పోయినదాన్ని ఐదోరోజుకే తిరిగొచ్చాను. మావారు ఏమీ అడక్కుండా టీ పెట్టారు. ఆపాకి చెప్పడమే కష్టమైంది. ఆమె వంటింట్లో నిలబడి, జరిగింది జరిగినట్టు చెప్పాను. మెచ్చుకుంటుందనుకున్నాను, నిజం చెప్పొద్దూ. ఆమె గరిటె పొయ్యిపక్కన పెట్టేసింది. "ఇడిసిపెట్టి వచ్చినవా? దొరసానిని ఆ పోరి చేతుల పెట్టి వచ్చినవా?" అంది. నన్నే చిన్నపిల్ల గొంతుతో చెప్పమన్నారు ఆపా అంటే వినలేదు. "నీ గొంతు మంచిగుండంగ ఇంకో గొంతు ఎందుకు అడుగుతరు? నువ్వే ఏదో కొట్లాడినవ్. నా చెల్లె టేపులు కొని పెట్టుకుంది. మొత్తం గల్లీకి చెప్పుకుంది." నేను ఏడ్చాను, ఆమె కూడా ఏడ్చింది, అయినా నాతో మాట్లాడలేదు. వారం రోజులు మూడింటికి ఎవరూ రాలేదు. తమిళ ఆంటీ మాత్రం ఒకసారి తొంగిచూసి, సోఫా ఖాళీగా ఉండటం చూసి వెళ్లిపోయింది. నేను టీవీ పెట్టనే లేదు. రెండు వైపులా పోయినట్టయింది నా పని. హైదరాబాదులో గొంతు బాగుంది, పనికిరాదన్నారు. ఇక్కడ పనికొచ్చే ఒక్క చెవీ మూసుకుంది.

ఎనిమిదో రోజున గుమ్మంలో చెప్పుల చప్పుడు. ఆపా వచ్చి సోఫాలో తన చోట కూర్చుంది. వెనకే ఆంటీ. "ఇయ్యాల ఆఖరిదంట" అంది ఆపా, నావంక చూడకుండా. నిజమే, సీరియల్ ఆ రోజుతో అయిపోతోంది. నేను పీట వేసుకుని కూర్చున్నాను. పడవ పాతబడింది, ఊరికి వంతెన వచ్చేస్తోంది, ఇంక పడవ ఎక్కేవాళ్లు లేరు. దొరసాని చివరిసారి ఒక్కతే దీవికి వెళ్తూ, లేని ప్రయాణికులతో మాట్లాడినట్టు తనలో తను మాట్లాడుకుంటుంది. నేను ఆ గొంతులోనే, వంతెన మీద నాకు కోపం లేదు, నడిచి వచ్చేవాళ్లకి దారి దగ్గరవుతుంది కదా అన్నాను. నా గొంతు సగంలో ఆగిపోయింది. ఆగిందంటే నిజంగా ఆగింది, మాట రాలేదు. తెరమీద దొరసాని పెదవులు కదులుతూనే ఉన్నాయి.

ఆపా లేచి వచ్చింది. రిమోటు తీసుకుని, ఏడాదిలో మొదటిసారి, చప్పుడు పెంచింది. ఆ బొంగురుగొంతు గదంతా పరుచుకుంది. ఆపాకి ఇంగ్లీషు పెద్దగా రాదు. నేలమీద నా పక్కన కూర్చుని, తల వంచి, నేను రోజూ ఆనించినట్టే చెవి స్పీకరుకి ఆనించి వింది. ఒక నిమిషం వింది, ఇంకో నిమిషం వింది. నావైపు తిరిగి నా గడ్డం పట్టుకుని ముఖం పైకెత్తింది. "అరె, నీ లెక్కనే ఉంది కదనే!" అంది. ఆ తర్వాత పేర్లు పడుతుంటే ముగ్గురం నేలమీదే కూర్చున్నాం. ఆంటీ ఎవరూ అడక్కుండానే లేచివెళ్లి తన ఇంట్లోంచి కాఫీ తెచ్చింది.

మరుసటి ఏడు ఆపావాళ్లు హైదరాబాదు వెళ్లిపోయారు. ఆమెకి ఇప్పుడు డెబ్బై దాటాయి. ఫోన్లో ఇంకా "పడవ ఏడ పెట్టినవ్" అనే మొదలుపెడుతుంది. దొరసానికి ఆ సీరియల్ తర్వాత చాలా ఏళ్లు పని దొరకలేదని చదివాను. అందం కోసం పిలిచేవాళ్లు మానేశారు, అమ్మమ్మ వేషాలకి ఇంకా వయసు రాలేదు. ఆ వయసూ వచ్చాక మళ్లీ పిలిచారు. ఎవరూ ఆమె గొంతు మార్చమనలేదట, ఆ గొంతు కోసమే పిలిచారట. నేను మైకు ముందుకి మళ్లీ వెళ్లలేదు. మా అమ్మాయి పుట్టింది, బడి, పరీక్షలు, పెళ్లి. మొన్న వంటింట్లోంచి "అన్నానికి రండి" అని మావార్ని కేకేస్తే నాకే ఉలికిపాటు కలిగింది. బరువుగా, అడుగున ఇసుక కదిలినట్టు, ఏ ప్రయత్నమూ లేకుండా వచ్చింది ఆ గొంతు. పాతికేళ్ల వయసులో దానికోసం ఏడాదిపాటు టీవీ పెట్టెకి చెవి ఆనించి కూర్చున్నాను, దానికోసమే ఉన్న పని పోగొట్టుకున్నాను. కాస్త ఓపిక పట్టి ఉంటే, కాలమే ఊరికే తెచ్చి చేతిలో పెట్టేది.